ఆమోదము కొరకు నిరీక్షణ
(పాఠశాల వార్షికోత్సవమున ప్రధానోపాధ్యాయుల ప్రసంగము)



"ఖాళీగా నున్న తరగతికి పంతులుగారు ఎప్పుడు వచ్చెదరు?" అని మీరు మమ్ము తరచుగా నడుగుచున్నారు. నేడు దానికి సమాధానము చెప్పుదుము.

భాషాల్పసంఖ్యాకులు తమ విద్యాసంస్థలను స్థాపించి నడుపుకొను హక్కును మన రాజ్యాంగపు 30వ అధికరణము ఒసగినది. అల్పసంఖ్యాకు లెవరో రాష్ట్రమును బట్టి నిర్ణయింపవలెనని సుప్రీంకోర్టు 2002లో టి.ఎం.ఎ. పాయ్ వ్యాజ్యమున తీర్పు చెప్పెను. కావున తమిళనాట తెలుగువారమగు మనకు ఆ హక్కు కలదు. ఉపాధ్యాయు నెన్నుకొనునది యాజమాన్యమే. అయినను ఎయిడెడ్ పాఠశాలలో జీతమునకు గ్రాంటు నిచ్చునది ప్రభుత్వము. విద్యాశాఖ నియామకము నామోదించినగాని ఆ గ్రాంటు రాదు. జాప్యమంతయు ఇచ్చటనే కలుగుచున్నది.

మే మెరిగిన యొక ఉపాధ్యాయుడు రెండేండ్లకు పైగా జీతము లేకయే పాఠములు చెప్పెను. ఆయన దస్త్రము ఒకసారి పత్రము చాలదనియు, మరియొకసారి పోస్టు అధికమనియు తిరిగివచ్చెను. మూడవసారి ప్రత్యుత్తరమే లేదు. పగలు బడి, సాయంకాలము అగ్గిపెట్టెల ఫ్యాక్టరీలో లెక్కలు వ్రాయుట. ఇట్లు ఆయన సంసారము నీడ్చెను. తుదకు 226వ అధికరణము క్రింద మదురై హైకోర్టు బెంచిలో రిట్ పిటిషను వేసిరి. 2004 జులై 24న ఆ బెంచి ప్రారంభమగువరకు మన ప్రాంతమువారు హైకోర్టునకై చెన్నపట్టణమే పోవలసియుండెను.

నిర్ణీత కాలములో నిర్ణయము తెలుపవలెనని కోర్టు ఉత్తర్వు నిచ్చెను. ఇట్టి ఉత్తర్వు వెలువడగనే ఉద్యోగము స్థిరమైనదని పలువురు సంతసింతురు. అది పొరపాటు. అధికారి ప్రత్యుత్తర మీయవలెననుటయే దాని భావము. ప్రత్యుత్తరము నిరాకరణమైనచో మరల వ్యాజ్యము తప్పదు. ఆయనకు ఆమోదమును బకాయి జీతమును లభించెను గాని, అంతలో పుట్టిన అప్పునకు వడ్డీ ఎవరిత్తురు?

టెట్ పరీక్షా నియమము మరియొక చిక్కు. విద్యాహక్కు చట్టము అల్పసంఖ్యాక పాఠశాలలకు వర్తింపదని సుప్రీంకోర్టు 2014లో ప్రమతి వ్యాజ్యమున చెప్పెను. 2025 సెప్టెంబరు 1న ఇద్దరు న్యాయమూర్తుల ధర్మాసనము ఆ తీర్పును సందేహించి, ఈ విషయమును విస్తృత ధర్మాసనము పరిశీలనకై నివేదించెను. కావున అభ్యర్థులు ఆ పరీక్షలో ఉత్తీర్ణులైయుండుట క్షేమమని మా యభిప్రాయము.

ఖాళీ యేర్పడిన వెంటనే దరఖాస్తు పంపి, రశీదును, పంపిన తేదీని భద్రపరచుట మా పని. కోర్టునందు మొదట చూచునవి ఆ కాగితములే. మీ పనియు నొకటి కలదు. పోస్టులు విద్యార్థుల సంఖ్యను బట్టి నిలుచును. ఇంట తెలుగు మాటలాడుచు, బడికి మాత్రము పిల్లలను వేరొకచోటికి పంపినచో, మేము ఏ పోస్టు కొరకు పిటిషను వేయుదుము? జూన్ మాసమున పిల్లలను చేర్పింపుడు. మాతృభాష గడిలో తెలుగు అని వ్రాయింపుడు.

వ్యాజ్యము తేలువరకు పెద్దలము ఓర్చుకొందుము. రెండవ తరగతి పిల్లవానికి ఆ యేడు మరల రాదు. అందుచే పంతులుగారు వచ్చువరకు ఆ తరగతికి దినమునకు రెండు గంటలు మేమే పాఠము చెప్పుదుమని ఈ సభలో మాట యిచ్చుచున్నాము. సెలవు.