పక్క బెడ్డు మనిషి



సైట్‌లో హెల్మెట్ లేని మనిషిని మా సూపర్‌వైజర్లం దూరం నుంచే పట్టుకుంటాం. హార్నెస్ లేకుంటే పని ఆపుతాం. అదే మనిషి పది రోజులుగా ఎవరితో మాట్లాడకుంటే మాత్రం "వాని గుణమే అంత" అని అందరం వదిలేస్తాం. ఈరోజు మాట దాని గురించే.

ఒంటరితనం ఈ ఒడ్డుకు కొత్త కాదు. చమురు రాకముందు ఉమ్ అల్ క్వైన్ మగవాళ్లు ముత్యాల కోసం పడవలెక్కి, ఎండాకాలం నాలుగు నెలల దాకా సముద్రం మీదనే ఉండేవారు. పెళ్లాం పిల్లలు ఒడ్డున ఎదురుచూసేవారు. చాలామందికి నెత్తిన అప్పు కూడా ఉండేది. మన కథలాగే ఉంది కదా? అయితే ఆ పడవల మీద మునిగేవాళ్లు, తాడు లాగేవాళ్లతో పాటు పాడేవాడు కూడా ఉండేవాడు. అతన్ని నహ్హామ్ అనేవారు. మనసు కుంగితే చెయ్యి ఆడదని వాళ్లకు తెలుసు.

మనకు ఫోన్ ఉంది. బోటిమ్‌లో రోజూ ముఖాలు చూసుకుంటాం. "తిన్నావా?" "తిన్నా." "మంచిగున్నావా?" "మంచిగున్నా." మిత్తి కట్టలేదని వాళ్లు చెప్పరు, జ్వరమొచ్చిందని మనం చెప్పం. ఫోన్ పెట్టేసి గోడవైపు తిరిగి పడుకుంటాం. ఇంటికి చెప్పుకోలేనిది చెప్పుకోవడానికి మిగిలింది పక్క బెడ్డు మనిషే. ఆయన కరీంనగరా, కడపా, నేపాలా అని చూడొద్దు.

ఎవరన్నా మెస్సుకు రావడం మానేస్తే, రాత్రుళ్లు నిద్రపోకుంటే, తాగుడు పెరిగితే, ఇంటికి ఫోన్ బందు చేస్తే, పోయి పక్కన కూర్చోండి. సలహాలు వద్దు. చాయ్ ఇచ్చి, "ఏమైంది తమ్మీ" అని అడిగి, చెప్పేదాకా ఆగండి. "బతకాలని లేదు" అంటే నవ్వులాటకు తీసుకోవద్దు. ఒక్కణ్ణి వదలొద్దు. వెంటనే మాకు చెప్పండి, డాక్టర్ దగ్గరికి తీసుకుపోదాం. దుబాయ్‌లోని ప్రవాసీ భారతీయ సహాయతా కేంద్రం నంబరు 800 46342. ఈ ఫోన్‌కు పైసలు పడవు. ప్రాణం మీదికొస్తే 999.

జూన్ 15 నుంచి సెప్టెంబరు 15 దాకా మధ్యాహ్నం 12:30 నుంచి 3 గంటల వరకు ఎండలో పని బందు. ముత్యాల పడవలు పోయింది కూడా ఈ ఎండల్లోనే. ఆ రెండున్నర గంటల్లో, నీడకు నడుం వాల్చేముందు, ఐడీ నంబరుతో తెలిసిన ఒక్క మనిషినైనా పేరు పెట్టి పిలుద్దాం.

సెలవు.