మనోవ్యాధితో తిరిగివచ్చిన సైనికుని పెన్షను
(అరకులోయలో విశ్రాంత ఉద్యోగుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఏటా నవంబరు నెలలో మనం లైఫ్ సర్టిఫికెట్ ఇస్తాం. అందులో చిన్న పొరపాటు దొర్లినా ఎంత కంగారు పడతామో మనకు తెలుసు. కాగితం వెంట తిరిగే ఓపిక లేకనే పెన్షను పోగొట్టుకునేవారిని గురించి నాలుగు మాటలు మనవి చేస్తాను.

మన కొండల నుండి సైన్యంలో చేరిన ఒక కుర్రవాడిని అయిదారేళ్లకే స్కిజోఫ్రీనియా అనే మనోవ్యాధి కారణంగా ఇంటికి పంపేశారనుకుందాం. జవానుకు సర్వీసు పెన్షను రావాలంటే 15 ఏళ్లు నిండాలి. అతనికి నిండలేదు. ఇక ఆశ వైకల్య పెన్షను మీదే. ఇంట్లోవారు గాలి సోకిందనుకుని మొక్కులు మొక్కుతారు. డిశ్చార్జి కాగితాలు ట్రంకుపెట్టె అడుగున పడి ఉంటాయి. జబ్బు మనసుకే వచ్చినప్పుడు తన హక్కు తాను అడిగే శక్తి మనిషికి ఉండదు. కనుక ఇతరులే అడగాలి.

నిబంధన ప్రకారం వైకల్యం 20 శాతానికి తగ్గకూడదు. జబ్బు సైనిక సేవ వల్ల వచ్చి ఉండాలి, లేదా సేవ వల్ల ముదిరి ఉండాలి. చిక్కంతా ఈ రెండవ షరతు దగ్గరే. మనోవ్యాధి స్వతహాగా ఉన్నదేననీ, సేవతో సంబంధం లేదనీ మెడికల్ బోర్డు వ్రాస్తే దరఖాస్తు అక్కడే ఆగిపోతుంది.

2013లో ధరమ్‌వీర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఒక మేలైన సూత్రం చెప్పింది. చేరినప్పుడు జబ్బు ఉన్నట్టు నమోదు కాకపోతే అతడు ఆరోగ్యవంతుడనే భావించాలి. కాదని నిరూపించవలసిన బాధ్యత ప్రభుత్వానిదే. అది మూర్ఛవ్యాధి కేసు. అయితే 2019లో ఒక స్కిజోఫ్రీనియా కేసులో అదే కోర్టు, ఇటువంటి జబ్బు చేరేటప్పటి పరీక్షలో బయటపడకపోవచ్చునని చెప్పి పెన్షను నిరాకరించింది. మళ్లీ 2025 మే నెలలో మరొక స్కిజోఫ్రీనియా కేసులో, బోర్డు కారణాలు వ్రాయకుండా అభిప్రాయం మాత్రం చెబితే చెల్లదని తీర్పిచ్చింది. కాబట్టి గెలుపు తథ్యమని నేను చెప్పను. బోర్డు ఏమి వ్రాసిందో, ఎందుకు వ్రాసిందో చూడకుండా వదులుకోవద్దని మాత్రం చెబుతాను.

ఏళ్లు గడిచిపోయాయని నిరాశపడనక్కరలేదు. నెలనెలా రావలసిన పెన్షను కనుక ఆలస్యమైనా అడగవచ్చునని 2008లో తర్సేమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కాని బకాయిలు కేసు వేసిన నాటికి ముందు మూడేళ్లకే పరిమితం చేసింది. అంటే ఆలస్యమైన ప్రతి ఏడూ ఆ కుటుంబానికి నష్టమే.

మనం చేయగలిగినది ఉంది. ముందు డిశ్చార్జి పుస్తకం వెతికించండి. మెడికల్ బోర్డు కాగితాలు లేకపోతే 2005 నాటి సమాచార హక్కు చట్టం క్రింద రికార్డు ఆఫీసుకు దరఖాస్తు వ్రాసిపెట్టండి. జిల్లా సైనిక సంక్షేమాధికారిని కలవండి. అప్పీలు త్రోసివేస్తే సాయుధ దళాల ట్రిబ్యునల్ ఉంది. ఈలోగా వైద్యం ఆగకూడదు. విశాఖపట్నం చినవాల్తేరులో ప్రభుత్వ మానసిక వైద్యశాల ఉంది.

ముప్పై ఏళ్లు ఫైళ్లు చూసిన చేతులు మనవి. అనంతగిరి, డుంబ్రిగుడ, హుకుంపేట మండలాల్లో ఉన్నవారు ఎవరి ఊళ్లో వారు ఇటువంటి ఇల్లు ఉన్నదేమో విచారించండి. ఒక్క దరఖాస్తు వ్రాసిపెట్టినా ఈ సంఘం ఉన్నందుకు సార్థకత.