తాటివనం, ఆబ్కారీ, అతిథి



తాటి మీదినుంచి జారిపడి ప్రాణం పోగొట్టుకున్నవారి పేర మొగుళ్లపల్లి గీత సంఘం పెద్దలైన మీరు ఈ ఉపన్యాసం పెట్టారు. నాకిచ్చిన అంశం మాత్రం పర్యాటకం. జపాన్‌కు పోయే యాత్రికులు అక్కడ కాగితం తయారుచేయడం, నీలిమందు అద్దడం, మట్టి కుండ తిప్పడం చేతితో నేర్చుకుంటారు. సాకే అనే బియ్యపు మద్యం ఎట్లా తయారవుతుందో తయారీశాలలోనే చూసి రుచి చూస్తారు. మన దగ్గర అటువంటిది చేయవచ్చా అన్నది మీ ప్రశ్న. చేయవచ్చు. అయితే ముందు కల్లు చరిత్ర కొంత చెప్పాలి. ఎందుకంటే మన చెట్టు మీద చేయి వేసిన మొదటి బయటివాడు పర్యాటకుడు కాదు, పన్ను వసూలుదారు.

జనగామ జిల్లాలో ఖిలాషాపూర్ ఉంది. సర్వాయి పాపన్న అక్కడివాడు, గీత కులంలో పుట్టినవాడు. మొగలు పాలన కింద ఉన్న ఓరుగల్లు మీద ఆయన 1708లో దాడి చేశాడు. 1710లో ఆయనను చంపించారు. దర్బారు చరిత్రకారుడు ఖాఫీ ఖాన్ ఆయనను దొంగగా రాశాడు, పల్లెలు వీరుడిగా పాడుకున్నాయి. నాకు ఆ కథలో ముఖ్యంగా కనబడేది ఒకటే. మోకు, కత్తి పట్టవలసిన చేయి కత్తి మాత్రమే పట్టింది. ఆ వృత్తిలో ఉండి బతకడం అప్పటికే అంత సుఖంగా లేదన్నమాట.

నిజాం కాలానికి వస్తే లెక్క మరింత తేటగా కనబడుతుంది. భూమిశిస్తు తర్వాత సర్కారు ఖజానాకు పెద్ద రాబడుల్లో ఆబ్కారీ ఒకటి. గుత్త వేలంలో పాడుకున్నవాడు కాంట్రాక్టరు, చెట్టెక్కేవాడు గౌడు. చెట్టుకు పన్ను, దుకాణానికి గుత్త, అది చాలదన్నట్టు దొర గడీకి ఉచితంగా చేరవలసిన లొట్టి. వెట్టి గురించి మాట్లాడేటప్పుడు మనం చాకలిని, మంగలిని, మాదిగను తలుచుకుంటాం. గీసేవాడు కూడా కొన్ని చెట్లు దొర కోసమే గీసి పోసేవాడన్నది తరచు మరిచిపోతాం. 1946 జులై 4న కడవెండిలో దొర మనుషుల తుపాకీకి దొడ్డి కొమురయ్య నేలకొరిగినప్పుడు లేచిన పల్లెల్లో తాటివనాల గోడు కూడా ఉంది.

ఆ తర్వాత గీత కార్మికులను సంఘంగా కూడగట్టిన పెద్దమనిషి బొమ్మగాని ధర్మభిక్షం. సూర్యాపేట మనిషి. గీసేవానికే చెట్టు దక్కాలన్నది ఆయన జీవితకాలపు పోరాటం. కాంట్రాక్టర్లు పోయి సహకార సంఘాలు, గీసేవారికే చెట్టు ఇచ్చే లైసెన్సులు వచ్చాయంటే అది ఎవరో దయతలచి ఇచ్చింది కాదు. 1995లో ఉమ్మడి రాష్ట్రంలో మద్యనిషేధం వచ్చినప్పుడు కూడా కల్లును మినహాయించారు. అప్పటికి గీత కార్మికుల గొంతుకు అంత బలం వచ్చింది.

తెలంగాణ వచ్చాక 2014లో హైదరాబాదులో మూతబడ్డ కల్లు దుకాణాలు తెరిచారు. 2023 మే నెలలో నెక్లెస్ రోడ్డు మీద నీరా కేఫ్ వచ్చింది. మంచిదే. నీరా అంటే పులియని కల్లు. అది తాగనివాడు తాగి చూశాడు. కానీ అక్కడ గ్లాసు ఉంది, చెట్టు లేదు. చెట్టు దగ్గర పని ఎంత ఉందో ఆ గ్లాసు చెప్పదు.

ఇక్కడ కూర్చున్నవారిలో సగంమందికి ఆ పని నాకంటే బాగా తెలుసు. బయటివారు కూడా వచ్చారు కాబట్టి చెప్తాను. మగ తాటికి వచ్చిన గెలలను కట్టి, కొన్నాళ్లు నొక్కి మెత్తబరిచి, కొసను పలుచగా చెక్కాలి. పొద్దున, సాయంత్రం మళ్లీ చెక్కాలి. ఒక వెంట్రుకవాసి లోతుకు పోతే గెల పాడవుతుంది, పైపైన పోతే చుక్క రాలదు. ఈతచెట్టుదైతే మొవ్వ దగ్గర గాటు. ఆ గాయాన్ని ఆరనిచ్చి మళ్లీ గీయాలి, ఆశపడితే చెట్టే చస్తుంది. కత్తి పదును రోజూ చూసుకోవాలి. మోకు నార పాతబడిందా లేదా అని వేలితో తడిమి తెలుసుకోవాలి. పోద్దాడు, పరుపుతాడు, పండుతాడు అని ఏ చెట్టు కల్లో నాలుక మీద పడగానే చెప్పే పెద్దలు ఈ మండలంలో ఇంకా ఉన్నారు. అదంతా ఏ బడిలో నేర్పారు?

కల్లుకు ఇంకో గుణం ఉంది, నా మాటంతా దాని మీదే నిలబడుతుంది. లొట్టిలో పడ్డ గంటల్లోనే గాలిలోని ఈస్టు పని మొదలుపెడుతుంది. పొద్దుటి తీపి మధ్యాహ్నానికి పులుపెక్కుతుంది, సాయంత్రానికి ఘాటెక్కుతుంది. సున్నం పూసిన లొట్టి, చల్లటి పెట్టె కొంతసేపు ఆపగలవు, అంతే. సాకే అట్లా కాదు. బియ్యంలో చక్కెర ఉండదు, పిండి ఉంటుంది. ఉడికిన బియ్యం మీద కోజి అనే బూజును పెంచి ఆ పిండిని చక్కెర చేయించాలి. మూడు దఫాలుగా అన్నం, కోజి, నీళ్లు కలిపి నెల దాకా పులియనివ్వాలి. ఆ తర్వాత వడగట్టి సీసాలో పోస్తే ప్రపంచమంతా తిరుగుతుంది. మన కల్లు తిరగదు. దూరం పంపితే అది కల్లుగా మిగలదు. నగరంలో చెట్లు ఇచ్చేదానికంటే ఎక్కువ కల్లు అమ్ముడుపోతున్నదంటే మిగతాది ఎక్కడినుంచి వస్తున్నట్టు? క్లోరల్ హైడ్రేటు, ఆల్ప్రజోలం అనే మత్తుమందుల నుంచి. 2025 జులైలో కూకట్‌పల్లిలో కల్తీ కల్లు తాగి మనుషులు చనిపోయారు. అందుకే కల్లు మనిషి దగ్గరికి పోవడం కంటే మనిషి చెట్టు దగ్గరికి రావడం మేలు.

వచ్చేవాళ్లు ఈ దారినే పోతున్నారు. 2021లో యునెస్కో వారసత్వ జాబితాకెక్కిన రామప్పకు, రేగొండ వైపు పాండవుల గుట్టకు, ఘనపురం కోటగుళ్లకు, రెండేళ్లకోసారి మేడారానికి. అదే 2021లో భూదాన్ పోచంపల్లిని ఐక్యరాజ్యసమితి పర్యాటక సంస్థ ఉత్తమ పర్యాటక గ్రామాల్లో ఒకటిగా ఎంచింది. అక్కడ కూర్చుని నూలుకు చిటికి కట్టి చూసిన అతిథి, ఇక చీర ధర ఎక్కువని బేరమాడే ముందు ఒకసారి ఆలోచిస్తాడు. పెంబర్తి ఇత్తడి రేకు మీద సుత్తి వేసినవాడూ అంతే.

జపాన్ సంగతి అందంగా చూపే చిత్రాల్లో రాని ముక్క ఒకటి ఉంది. అక్కడా సర్కారు మద్యం మీదే బతికింది. 1899లో ఇంట్లో సారా కాచుకోవడం ఒక్కటే కాదు, సాకే చేసుకోవడం కూడా నిషేధించారు. 1900 ప్రాంతంలో దేశం పన్ను రాబడిలో మూడోవంతు దాకా మద్యం సుంకమే. రైతు తన బియ్యంతో చేసుకునే దొబురొకు, అంటే వడగట్టని చిక్కటి సాకే, నేరమైపోయింది. వంద ఏళ్ల తర్వాత, 2003 నుంచి, కొన్ని ప్రత్యేక మండలాల్లో చట్టం సడలించారు. అతిథులకు వసతి, భోజనం పెట్టే రైతు తన బియ్యంతో కొద్దిపాటి దొబురొకు చేసి అక్కడే పోయవచ్చు. మామూలు లైసెన్సుకు ఏటా కనీసం 6,000 లీటర్లు చేయాలన్న షరతు వారికి లేదు. ఇవాతె జిల్లాలోని తోనో ఆ దారిలో ముందు నడిచిన ఊళ్లలో ఒకటి. 2024 డిసెంబరులో యునెస్కో కోజితో మద్యం చేసే విద్యను కూడా వారసత్వంగా గుర్తించింది. గుర్తింపు కంటే నాకు తోనో ముఖ్యం. డబ్బు పండించినవాడి గల్లాలోనే పడింది.

ఇంకొకటి చెప్పి ముందుకు పోతాను. సాకే తయారీశాలకు వచ్చే అతిథిని ఆ పొద్దు నత్తో తినవద్దంటారు. అది పులియబెట్టిన సోయా. దానిలోని సూక్ష్మజీవి కోజిని చెడగొడుతుందని భయం. అతిథి ఎంత పెద్దవాడైనా ఆ మాట వింటాడు. ఇంటి నియమం ఇంటివాడే పెడతాడు. మన వనంలో కూడా నియమం గౌడన్నే పెట్టాలి.

నా అభిప్రాయంలో మొదటి నియమం, అతిథిని చెట్టెక్కించకూడదు. ఫొటో కోసం మోకు కట్టి పది అడుగులు ఎక్కించే వేడుక ఎక్కడైనా మొదలైతే సంఘమే ఆపాలి. ఈ సభ ఎవరి పేర జరుగుతోందో మరిచిపోతే ఎట్లా? కింద చేయించవలసిన పని చాలా ఉంది. కత్తి నూరించండి, నార పేనించండి, లొట్టికి సున్నం పూయించండి, తాటాకు రేక మడిపించండి, ఆ రేకలోనే పోయండి. ఎల్లమ్మకు సాక పోసి చూపించండి. తాగనివాడికి, డ్రైవరుకు, పిల్లలకు నీరా, ముంజెలు, తాటిబెల్లం చాలు. ధర బోర్డు మీద రాయండి. రసీదు సంఘం పేర ఉండాలి. మధ్యలో టూరు కంపెనీ వస్తే రానివ్వండి, కానీ గుత్త మాత్రం ఇవ్వకండి. మన తాతలు వదిలించుకున్నది అదే.

2024 జులైలో సర్కారు కాటమయ్య పేర రక్షణ కిట్లు ఇవ్వడం మొదలుపెట్టింది. కిట్టు అందినవారు బరువుగా ఉందనో, పని ఆలస్యమవుతుందనో ఇంట్లో పెడుతున్నారని విన్నాను. దయచేసి అట్లా చేయకండి. చనిపోయాక కుటుంబానికి వచ్చే ఎక్స్‌గ్రేషియా ఆ ఇంటికి ఏం సరిపోతుంది? అతిథి ముందు కిట్టు లేకుండా ఎవరూ చెట్టెక్కవద్దని సంఘం ఈ రోజే తీర్మానం చేస్తే, నా ఉపన్యాసం కంటే అది పెద్ద స్మారకం.

ఇక చివరి విన్నపం. రోడ్ల వెడల్పుకు, ప్లాట్లకు తాళ్లు పోతున్నాయి. తాటి గింజ పెడితే గీతకు రావడానికి 12, 15 ఏళ్లు కావాలి, ఈత అంతకంటే ముందే వస్తుంది. ఈ వానకాలం చెరువు కట్టల మీద రెండూ పెట్టండి. గ్రామపంచాయతీని అడగండి, ఆబ్కారీ శాఖను అడగండి. వాళ్లు ఇవ్వకపోతే మీరే గింజలు ఏరి పెట్టండి.