బ్రౌను పేరు క్రింది పుస్తకములు
(మన సమాజ గ్రంథాలయ వార్షిక సభలో చేసిన ప్రసంగపాఠము)



గ్రంథాలయమును గూర్చి నాలుగు మాటలు చెప్పుమని కార్యవర్గమువారు మమ్ము కోరిరి. మేము పండితులము కాము. మెట్రిక్యులేషనుతో చదువు చాలించి అంగడిలో కూర్చున్నవారము. దినదినము మా చేతిలో నుండునవి చిట్టా, ఆవర్జాలే. అయినను చెప్పవలసిన మాట యొకటి యున్నది. మన గ్రంథాలయమున రెండవ బీరువాను ఖాళీ చేసి, అందలి పాత పుస్తకములను కాగితపు ధరకు తూకము వేయవలెనని ఒక సూచన వచ్చినది. ఈ నెలాఖరున సర్వసభ్య సమావేశమున దానిపై నిర్ణయము జరుగును. ఆ పుస్తకములలో పెక్కింటికి ముఖపత్రములు లేవు. కొన్ని చేతివ్రాతలు. కర్త యెవరో తెలియని పుస్తకము నెవరు చదువుదురని సూచన చేసినవారి ప్రశ్న. ప్రశ్న న్యాయమైనదే. దానికి బదులు చెప్పుటకు ముందు, ఒక్క పేరు క్రింద కుప్పగా నున్న కొన్ని పుస్తకములను మీ ముందుంచెదము.

ఆ పేరు చార్లెస్ ఫిలిప్ బ్రౌను. ఆ పేరుతో వెలువడినవాని నన్నిటిని ఒకచోట పేర్చినచో, ఒక్క మనుష్యుడు ఇన్ని పనులెట్లు చేసెనని ఎవరికైనను సందేహము కలుగును. 1827లో ఛందశ్శాస్త్రము. 1829లో ఆంగ్లానువాదముతో వేమన పద్యములు. 1840లో తెలుగు వ్యాకరణము. 1850లో హిందూ, మహమ్మదీయ సంవత్సరములను సరిచూచుకొను కాలగణన పట్టికలు. 1852లో తెలుగు-ఇంగ్లీషు నిఘంటువు. ఆ యేటనే వ్యవహారములలో వాడు మాటలకు జిల్లా నిఘంటువు. 1854లో మిశ్రభాషా నిఘంటువు. వీనికి తోడు వాచకములు, సంభాషణలు, తాతాచారి కథలు, అనంతపుర రాజుల యుద్ధముల కథ. వ్యాకర్త, ఛాందసికుడు, నిఘంటుకారుడు, జ్యోతిషపు లెక్కలవాడు, చరిత్రకారుడు, కథకుడు: వీరందరు నొక్కరేనా?

ఆయన 1798లో కలకత్తాలో పుట్టెను. 1817లో కంపెనీ కొలువునకై మదరాసు చేరువరకు తెలుగక్షర మెరుగడు. అచ్చట వెలగపూడి కోదండరామ పంతులుగారి యొద్ద ఓనమాలు దిద్దెను. 1820లో కడపకు వచ్చెను. పగలంతయు రెవెన్యూ కచేరి పని, కోర్టు పని. ఇట్టివాడు ఒంటరిగా ఇన్ని శాస్త్రములను సాధించెనని నమ్ముట కష్టము. నమ్మవలసిన పనియు లేదు. కడపలో ఆయన బంగళా కొని అందులో పండితులను, లేఖకులను పెట్టి పని చేయించెను. అయోధ్యాపురము కృష్ణారెడ్డిగారు ఆ పనులను నడిపించిరి. జూలూరి అప్పయ్యగారు, వఠ్యం అద్వైతబ్రహ్మయ్యగారు మొదలగు పండితులు అచ్చట కూర్చుండి కావ్యములను సరిచూచిరి. జీతములు బ్రౌను తన చేతి సొమ్ముతో నిచ్చెను, చాలనప్పుడు అప్పు చేసెను. నేడా స్థలముననే ఆయన పేర భాషాపరిశోధన కేంద్రము నడుచుచున్నది.

పని జరిగిన విధము మావంటి వ్యాపారులకు మిక్కిలి నచ్చును. ఒక కావ్యమునకు దొరకినన్ని తాటాకు ప్రతులను ఊరూరి నుండి తెప్పించుట. లేఖకులచే కాగితములపై ఎత్తి వ్రాయించుట. ఒకడు చదువుచుండగా వేరొకడు పాఠభేదములను గుర్తించుట. పండితులు చర్చించి పాఠమును నిర్ణయించుట. పిదప తేటయైన ప్రతిని సిద్ధము చేసి, దానిపై వ్యాఖ్య వ్రాయించి, పదముల కనుక్రమణిక కట్టించుట. మేము సంవత్సరాంతమున లెక్కలు ముగించునపుడు ఒక గుమాస్తా చిట్టాను, వేరొకడు ఆవర్జాను పట్టుకొని కాసు కాసునకు సరిచూచు విధమే యిది. నిఘంటువులోని మాటలు ఈ కావ్యముల నుండియే గాక, కచేరి అర్జీల నుండియు, సంతలోని నోళ్ళ నుండియు వచ్చెను. జమా, వసూలు, బాకీ మొదలగు అన్యదేశ్యములను పూర్వపండితులు లెక్కకు తీసుకొనలేదు. అట్టివానికి ప్రత్యేకముగా ఒక నిఘంటువు కావలెనని తోచుట మాత్రము బ్రౌను బుద్ధియే.

ఇచ్చట రెండు వాదములు వినబడుచుండును. దొర లేనిచో తెలుగే లేదని కొందరు. దొర జీతమిచ్చెను, చాకిరి పంతుళ్ళది, పేరు దొరది అని మరికొందరు. మాకు రెండును రుచింపవు. అంగడి పలకపై ఒక్క పేరే యుండును. పెట్టుబడి పెట్టినవాడు, ఏ సరకు తేవలెనో నిశ్చయించినవాడు, నష్టము వచ్చిన నెత్తిన వేసికొనువాడు అతడే గనుక అది అన్యాయము కాదు. నిఘంటువులో తప్పు దొరలినచో లోకము నిందించినది బ్రౌనునే గాని లేఖకుని గాదు. కాని పలకపై ఒక్క పేరున్నంత మాత్రమున లోపల జీతముల పుస్తకమున ఒక్క పేరే యుండునా? బ్రౌను తన పండితుల పేళ్ళను దాచలేదు. తన వ్రాతలలో వారిని స్మరించెను. మనుచరిత్ర వసుచరిత్రల వ్యాఖ్యలు జూలూరి అప్పయ్యగారివిగానే ప్రసిద్ధములు. లోపలి పేళ్ళను చదువక, పలకను మాత్రము చదివి వచ్చినవారము మనమే.

నిఘంటువు సంగతియే చూడుడు. మనలో పలువురి యిండ్లలో నున్న బ్రౌణ్యము 1852 నాటిది కాదు, 1903లో సంస్కరించిన కూర్పునకు పునర్ముద్రణము. ఆ సంస్కరణమున ఎం. వెంకటరత్నముగారు, డబ్ల్యు. హెచ్. క్యాంబెల్‌గారు, కందుకూరి వీరేశలింగము పంతులుగారు పాల్గొనిరి. బ్రౌను 1884లోనే లండనులో గతించెను. ఆయన చూడని దిద్దుబాట్లు కూడ ఆయన పేరనే నడచుచున్నవి.

వేమన పద్యముల కథ ఇంకను చిత్రము. బ్రౌను 1829లో అచ్చు వేసినవి 693. పదేండ్లకు, 1839లో, 1164. యోగి మరల వచ్చి వ్రాయలేదు గదా! వేమన మకుటముతో పద్యములు పల్లెపల్లెన పెరిగినవి. ఏవి వేమనవో, ఏవి ఆయన పేర ఊరివారు కట్టినవో ఇప్పటికిని విద్వాంసులు తేల్చుకొనుచునే యున్నారు. అచ్చట అనేకులు తమ పేళ్ళను వదలుకొని ఒక పేరులో కలిసిరి. బంగళాలో పనిచేసినవారు అట్లు వదలుకొనలేదు. వారి పేళ్ళు కాగితముపై నున్నవి, చదువువారు లేరంతే.

ఇప్పుడు మన బీరువాకు వత్తము. బ్రౌనుకు ముడిసరకు ఏది? పేరు పోయిన ప్రతులే. ముఖపత్రము లేదు, మొదటి ఆకులు చెదపట్టినవి, ఎవరి యింటి అటుకపైననో పడియున్నవి. లండనులో ఇండియా హౌసు గ్రంథాలయమున దక్షిణదేశ భాషల లిఖిత పుస్తకములు రెండువేలకు పైగా మూలబడి యుండగా, వానిని మదరాసునకు తరలించుటకు ఆయనయే కారకుడు. తాను సేకరించినవానిని 1845లో మదరాసు లిటరరీ సొసైటీకి అప్పగించెను. పిదప అవి చెన్నైలోని ప్రభుత్వ ప్రాచ్య లిఖిత పుస్తక భాండాగారమునకు చేరెను. మనము ఈ తమిళనాట ఎన్నియో తరములుగా నున్నాము. ఆ భాండాగారము మనకు ఒక రాత్రి రైలు ప్రయాణము. మనలో ఎందరు చూచితిరో చేతులెత్తుమని అడుగము.

మన చేతివ్రాత పుస్తకములలో మొదటి ఆకు పోయినను చివరి ఆకు తరచుగా మిగిలియుండును. వ్రాసినవాడు తన పేరును, ఊరును, సంవత్సరమును అచ్చటనే వ్రాసి, తప్పులున్న మన్నింపుడని వేడుకొనును. సంవత్సరము పేరు మాత్రమే యుండుట ఒక చిక్కు. నందన అని యున్నచో 1832 కావచ్చును, 1892 కావచ్చును, 1952 కావచ్చును. తిథియు వారమును కలిసి యున్నచో పట్టికలు చూచి తేల్చుకొనవచ్చును. బ్రౌను పట్టికలు కట్టించినది ఇట్టి చిక్కులు విడదీయుటకే. రెండవ బీరువాలోని పుస్తకములలో ఎన్నింటికి చివరి ఆకును చూచితిరని సూచన చేసిన మిత్రుల నడిగితిమి. తెరచి చూడలేదని నిజాయితీగా చెప్పిరి.

పిల్లల మాట కూడ ఒకటి. 2006లో తమిళమును తప్పనిసరి చేయు చట్టము వచ్చిన పిదప మన బడులలో తెలుగు చదువు సన్నగిల్లినది. మన పిల్లలు ఇంట తెలుగు మాటలాడుదురు, చదువుట ఇంగ్లీషున. తెలుగు తెలియని ఇంగ్లీషు ఉద్యోగులకొరకు కట్టిన నిఘంటువు ఇప్పుడు వీరికి సరిపోవుచున్నది. అక్షరములు నేర్చినచో చాలును, అవ్వ నోటి మాటకు అర్థము ఇంగ్లీషున దొరకును. పండితులు ఈ ప్రయోజనమును ఊహించియుండరు.

కావున మా ప్రతిపాదన యిది. తూకము మాట మూడు నెలలు ఆపవలెను. గ్రంథాలయపు పట్టీలో కర్త గడి ప్రక్కన లేఖకుడు, వ్యాఖ్యాత, పరిష్కర్త, ఇచ్చిన యిల్లు అని నాలుగు గడులు గీయవలెను. ప్రతి ఆదివారము ఉదయము పది గంటలకు, పాత లిపి చదువగల పెద్దలిద్దరు కూర్చుండెదమని మాట యిచ్చిరి. వారికి కాఫీ, కాగితము మా అంగడి ఖర్చు. ప్రక్కన వ్రాయుటకు ఇద్దరు పిల్లలు కావలెను. ఇండ్లలో ఇట్టి పుస్తకములున్నవారు అట్ట లేకున్నను తెండు. చెదపట్టినదని చివరి ఆకును మాత్రము చింపి పారవేయకుడు.