మంచుమీద చేపల పండుగ – మన కార్తీక పడవ
(మన సంఘం సర్వసభ్య సమావేశంలో చేసిన ప్రసంగ పాఠము)



నేను వక్తను కాను. నీటిపారుదల శాఖలో గుమాస్తాగా ముప్పైమూడేళ్ళు రిజిస్టర్లు రాసినవాణ్ణి. "అమెరికాలో చేపల తిరునాళ్ళు చూశారటగా, పది నిమిషాలు చెప్పండి" అని కార్యదర్శిగారు ఆజ్ఞాపించారు. చెబుతాను. దానితోపాటు మన వనభోజనాల సంగతి కూడా ఒకటి మనవి చేస్తాను.

2020 జనవరిలో నేనూ మా ఆవిడా మా రెండో అబ్బాయి దగ్గర మినియాపొలిస్‌లో ఉన్నాము. అక్కడికి ఉత్తరంగా బ్రెయినర్డ్ అనే చిన్న ఊరు, దాని దగ్గర గల్ లేక్ అనే సరస్సు ఉన్నాయి. చలికాలంలో ఆ సరస్సు పైభాగం గడ్డకట్టుకుపోతుంది. అక్కడి జేసీస్ సంఘంవారు ఆ మంచుమీదే 1991లో చేపల పోటీ మొదలుపెట్టారు. జనవరి నెలాఖరున ఒక శనివారం, మధ్యాహ్నం పన్నెండు నుండి మూడు వరకు పోటీ. పది వేలమంది దాకా వస్తారు. మిగిలిన సొమ్ము ధర్మకార్యాలకు ఇస్తారు.

ముందే మరలతో మంచులో వేలాది కన్నాలు తొలిచి ఉంచుతారు. ఒక్కొక్కరు ఒక్కో కన్నం దగ్గర ముక్కాలిపీట వేసుకొని, మూరెడు గాలం వదిలి కూర్చుంటారు. పెద్ద చేప పడితే పెద్ద బహుమతి. మా ఆవిడ డబ్బాలో తెచ్చిన పులిహోర తినేలోపలే రాయి అయింది!

"పైన ఇంత మంచుంటే అడుగున చేప ఎలా బతుకుతుంది?" అని మీకు సందేహం రావచ్చు. నాకూ వచ్చింది. నీరు నాలుగు డిగ్రీల దగ్గర అన్నిటికన్నా బరువుగా ఉండి అడుగుకు చేరుతుందట. మంచు తేలిక గనుక పైన తేలి, దుప్పటిలా కప్పుతుంది. అడుగున నీరు నీరుగానే ఉంటుంది.

అయితే నా మనసులో నిలిచిపోయింది పండుగ కాదు, అంతకు ముందు వారం చూసిన ఒక ముసలాయన. మా అబ్బాయి ఇంటి దగ్గరి చెరువుమీద అడుగు పెట్టేముందు ఆయన ఒక కన్నం తొలిచి, కొలబద్ద దించి మందం చూశాడు. నాలుగడుగులు వేసి మళ్ళీ చూశాడు. మనిషి నడవాలంటే గట్టి మంచు కనీసం నాలుగు అంగుళాలు ఉండాలని అక్కడి ప్రభుత్వం చెబుతుంది. ఎంత మందమున్నా పూర్తిగా నమ్మవద్దనీ చెబుతుంది. "ఎన్నేళ్ళుగా వస్తున్నారు?" అని మా అబ్బాయిచేత అడిగించాను. "నలభై ఏళ్ళు. ఏటా కొలుస్తాను" అన్నాడు.

నాకు సిగ్గు వేసింది. బ్యారేజి దగ్గర నీరు పన్నెండడుగులా, పదకొండున్నరా అని ఏళ్ళ తరబడి అంకెలు రాసినవాణ్ణి నేను. అటువంటి నేను 2016 కార్తీకంలో బంధువులతో కృష్ణలో పడవ ఎక్కినప్పుడు ఏమీ కొలవలేదు. పడవ నిండిపోయినా ఇంకా ఎక్కిస్తున్నారు. లైఫ్ జాకెట్లు లేవు. నోటిదాకా వచ్చిన మాట మింగేశాను. పెద్దవాడు పిరికివాడనుకుంటారని మొహమాటం. క్షేమంగానే ఒడ్డు చేరాము. అది నా తెలివి కాదు, అమ్మవారి దయ.

మరుసటి ఏడు, 2017 నవంబరు 12, కార్తీక ఆదివారం. ఇబ్రహీంపట్నం పవిత్ర సంగమం దగ్గర పడవ బోల్తాపడి ఇరవైమందికి పైగా పోయారు. వారిలో ఒంగోలు నుండి సరదాగా వచ్చినవారే ఎక్కువ. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మాట మింగినవాడు ఆ పడవలోనూ ఒకడు ఉండే ఉంటాడు గదా అనిపించింది.

ఈ కార్తీకంలో మన సంఘం పున్నమి ఘాట్ నుండి భవానీ ద్వీపానికి వెళ్ళాలని తీర్మానించింది. సంతోషం. నావి మూడు సవరణలు. ఒకటి: పడవకు ఎందరని రాసి ఉందో చదివి, తలలు లెక్కపెట్టాకే కదలాలి. రెండు: అందరూ జాకెట్టు కట్టుకోవాలి. "నాకెందుకులే" అనే పెద్దాయనకు ముందుగా కట్టాలి. మూడు: పేర్లు, ఫోను నంబర్లు, వాడే మందులతో జాబితా రెండు ప్రతులు రాయాలి. ఒకటి మనతో, ఒకటి ఒడ్డున ఉండేవారి దగ్గర. గుమాస్తా బుద్ధి, ప్రతి లేకుండా నాకు తోచదు.

ఈ మూడింటిలో ఏది లోపించినా పడవ ఎక్కవద్దు. ఇక్కడే ఒడ్డున ఒక ఉసిరి కొమ్మ నాటుకొని భోంచేద్దాము. పుణ్యానికి లోటు రాదు. మనం ఏటా బతికే ఉన్నామని సంతకం పెట్టి వస్తాము. వచ్చే ఏడు కూడా అందరమూ పెట్టాలి.

జాబితా రాసే పని నాకు అప్పగించండి.