సింథ్ స్కిన్ మారిస్తే పాట మారుతుందా?

లింగాల నుంచి మళ్ళీ వచ్చేసినా. పోయిన వీడియో కింద చాలామంది ఒకటే అడిగినారు: "అన్నా, నీ సింథ్ వేరేగా కనపడుతోంది, ఏం చేసినావు?"

ఇది సర్జ్ ఎక్స్‌టీ. ఒకప్పుడు క్లేస్ జొహాన్సన్ వెంబర్ ఆడియో పేరుతో అమ్మేవారు. 2018లో సోర్స్ కోడ్ అందరికీ ఇచ్చేశారు. ఇప్పుడు పూర్తిగా ఫ్రీ. విండోస్, మ్యాక్, లినక్స్‌లో నడుస్తుంది, ఫోన్‌లో కాదు.

ఇందులో రెండు సీన్లు. ఒక్కో సీన్‌కి మూడు ఆసిలేటర్లు, రెండు ఫిల్టర్లు. ఇంతా ఒకే స్క్రీన్ మీద! నా పాత ల్యాప్‌టాప్‌లో అక్షరాలు చీమల్లా ఉండేవి. కటాఫ్ ఎక్కడుందో వెతికేలోపు మనసులో ఉన్న ట్యూన్ పోయేది. అందుకే స్కిన్ జోలికి పోయినా.

ముందు మెనూలో జూమ్ పెంచి చూడండి. సగం మందికి అదే చాలు. చాలకపోతే డార్క్ స్కిన్ ఫోల్డర్‌ని కాపీ చేసి, యూజర్ డేటా ఫోల్డర్ లోపల స్కిన్స్‌లో పెట్టండి. ఫోల్డర్ పేరు మార్చండి, చివర ఉండే డాట్ సర్జ్ హైఫన్ స్కిన్ మాత్రం అట్లే ఉంచాలి. లోపల స్కిన్ డాట్ ఎక్స్‌ఎంఎల్ ఫైల్ ఉంటుంది. అందులో కూడా స్కిన్ పేరు మార్చండి. రంగుల కోడ్లు దాంట్లోనే ఉంటాయి. బొమ్మలు ఎస్‌వీజీ ఫైళ్ళు, ఇంక్‌స్కేప్‌లో తెరుచుకుంటాయి. ఒక్క రంగు మార్చండి, స్కిన్ రీలోడ్ కొట్టండి, చూడండి. అన్నీ ఒకేసారి మారిస్తే తప్పు ఎక్కడుందో దొరకదు.

నేను చేసిన తప్పు చెప్తా. నల్ల బ్యాక్‌గ్రౌండ్, దాని మీద ముదురు ఎరుపు అక్షరాలు. ఫోటోలో అదిరిపోయింది! మధ్యాహ్నం కిటికీ పక్కన కూర్చుంటే ఒక్క ముక్క కనపడలా. పైగా రెండు వారాలు రంగులే దిద్దుతూ కూర్చున్నా, ఒక్క ట్యూన్ చేయలా.

స్కిన్ మారిస్తే సౌండ్ మారదు, ఫ్రెండ్స్. ప్యాచ్ అదే, ఫిల్టర్ అదే. మారేది మీ చెయ్యి ఎంత తొందరగా నాబ్ దగ్గరికి పోతుందనేదే. ఇప్పుడు నా స్కిన్‌లో తేడా రెండే: అక్షరాలు తెల్లగా, ఫిల్టర్ భాగం చీనీకాయ రంగులో. చూడ్డానికి గొప్పగా ఏం లేదు. కానీ ట్యూన్ పోవడం లేదు.

ఒక సాయంత్రం స్కిన్‌కి ఇవ్వండి. మరుసటి రోజు పాట చేయండి. చేసింది కామెంట్‌లో పెట్టండి, వింటా. ఉంటా మరి!