రెండు శాసనసభలు, ఒకే మార్చి నెల



మాస్టారి పేరిట జరిగే ఉపన్యాసానికి నేను యూరప్ చరిత్రను ఎంచుకోవడానికి కారణం ఉంది. జీవితమంతా చరిత్ర పాఠం చెప్పిన ఆయన, యుద్ధాల తేదీలకన్నా ముందు శాసనసభల్లో ఎవరు ఏ తీర్మానానికి ఏ వైపు నిలిచారో చూడాలని నమ్మేవారు. ఆ నమ్మకంతోనే ఇవాళ 1933 మార్చి నెల గురించి మాట్లాడతాను. ఆ నెల 4న వియన్నాలో, 23న బెర్లిన్‌లో ప్రజలు ఎన్నుకున్న రెండు సభలు కూలిపోయాయి. హిట్లర్ పేరు వినగానే మనకు కవాతులు, ట్యాంకులు గుర్తొస్తాయి. ట్యాంకులు తర్వాత వచ్చాయి. అంతకుముందే ఓట్ల లెక్కింపు బల్ల దగ్గర, సభా నియమాల పుస్తకంలో జరగవలసింది జరిగిపోయింది. ఆ పుస్తకాన్ని బాగా చదువుకున్న నాయకులే దాన్ని కాపాడుకోలేకపోయారు. నా బాధ అది.

కొంచెం వెనక్కి వెళ్లాలి. 1914 మార్చిలో ఆస్ట్రియా ప్రధాని కార్ల్ స్టుర్క్ పార్లమెంటును మూసేశాడు. చెక్, జర్మన్ సభ్యుల గొడవలతో సభ నడవడం లేదన్నాడు. అత్యవసర ఉత్తర్వులకు వీలిచ్చే 14వ నిబంధన కింద పాలించాడు. జూలైలో సెర్బియా మీద యుద్ధం ప్రకటించిన నాటికి వియన్నాలో ప్రశ్నించడానికి సభే లేదు. బెర్లిన్‌లో కనీసం యుద్ధ రుణాల మీద ఓటింగైనా జరిగింది. రెండేళ్లు గడిచినా స్టుర్క్ సభను పిలవలేదు. 1916 అక్టోబర్ 21న, సోషల్ డెమొక్రాట్ల పెద్ద విక్టర్ ఆడ్లర్ కొడుకు ఫ్రిడ్రిష్ ఆడ్లర్, హోటల్లో భోజనం చేస్తున్న స్టుర్క్‌ను కాల్చి చంపాడు. హత్యను నేను సమర్థించను. అయితే మాట్లాడే చోటు మూసేసిన దేశంలో ఒక విద్యావంతుడు తుపాకి దాకా వెళ్లాడన్న సంగతిని దాటి పోలేం.

1917 మేలో సభ మళ్లీ తెరుచుకుంది. ఆకలితో అల్లాడుతున్న దేశానికి తిండి, బొగ్గు సర్దడానికి ప్రభుత్వం సభను అడగకుండానే ఆర్థిక ఉత్తర్వులు ఇచ్చుకోవచ్చని ఆ ఏడాది జూలై 24న ఒక చట్టం చేశారు. యుద్ధకాలపు అవసరానికి పుట్టిన చట్టం అది. యుద్ధం ముగిసింది, సామ్రాజ్యం ముక్కలైంది, చక్రవర్తి వెళ్లిపోయాడు. ఆ చట్టాన్ని మాత్రం ఎవరూ రద్దు చేయలేదు. దీన్ని గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది.

1918 చివర రెండు దేశాల్లోనూ గణతంత్రాలు వచ్చాయి. జర్మన్ గణతంత్ర నాయకులకు మొదటి రోజుల్లోనే తగిలిన దెబ్బ గురించి చెప్పాలి. సెప్టెంబర్ 29న యుద్ధ విరమణ కావాలని పట్టుబట్టింది జర్మన్ సైన్యాన్ని నడిపిన లూడెన్‌డోర్ఫ్, హిండెన్‌బర్గ్. నవంబర్ 11న కాంపియేన్ అడవిలో సంతకం చేయాల్సి వచ్చింది మాత్రం సైన్యంతో సంబంధం లేని మథియాస్ ఎర్జ్‌బెర్గర్. మరుసటి ఏడాది విచారణ సంఘం ముందు హిండెన్‌బర్గ్, మా సైన్యానికి వెన్నుపోటు పొడిచారన్నాడు. 1921 ఆగస్టులో ఎర్జ్‌బెర్గర్‌ను, 1922 జూన్‌లో విదేశాంగ మంత్రి వాల్టర్ రాథెనావ్‌ను జాతీయవాద యువకులు కాల్చి చంపారు. అబద్ధం చెప్పిన హిండెన్‌బర్గ్ 1925లో దేశాధ్యక్షుడయ్యాడు. ఓడిన సేనాని ఓటమి బాధ్యతను పౌర నాయకుల మీదికి నెట్టి వాళ్ల పైకే అధికారిగా రావడం జర్మన్ గణతంత్రానికి జరిగిన అన్యాయాల్లో అన్నిటికన్నా పెద్దదని నా అభిప్రాయం.

ఆస్ట్రియాలో కార్ల్ రెన్నర్ తొలి ఛాన్సలర్. మొరేవియాలో పేద రైతు కుటుంబంలో 1870లో పుట్టి, లా చదివి, పార్లమెంటు గ్రంథాలయంలో ఉద్యోగం చేసినవాడు. సభా నియమాలు ఆయనకు కంఠతా వచ్చు. ఆయన పిలుపు మీద న్యాయశాస్త్రవేత్త హన్స్ కెల్సెన్ రాజ్యాంగ రచనకు వచ్చాడు. 1920 అక్టోబర్ 1న ఆమోదం పొందిన ఆ రాజ్యాంగంలో చట్టాలను సమీక్షించే ప్రత్యేక న్యాయస్థానం ఉంది. తర్వాత ఎన్నో దేశాలు దాన్ని ఆదర్శంగా తీసుకున్నాయి.

వైమార్ రాజ్యాంగంగా పేరుపడ్డ జర్మన్ రాజ్యాంగంలో 48వ నిబంధన ఉండేది. ప్రమాద సమయంలో అధ్యక్షుడు ఉత్తర్వులతో పాలించవచ్చు, పౌరహక్కులను నిలిపివేయవచ్చు. తొలి అధ్యక్షుడు ఏబర్ట్ గణతంత్రాన్ని కాపాడటానికే దాన్ని వందకు పైగా సార్లు వాడాడు. 1930 మార్చిలో నిరుద్యోగ బీమా చందా ఎంత పెంచాలన్న పేచీతో, శాతంలో చిన్న భాగం దగ్గర, హెర్మన్ ముల్లర్ సంకీర్ణం పడిపోయింది. సభలో మెజారిటీతో నడిచే ప్రభుత్వం ఆ గణతంత్రంలో మళ్లీ నిలబడలేదు. తర్వాత ఛాన్సలర్ అయిన బ్రూనింగ్ తన బడ్జెట్‌ను 48వ నిబంధన కింద ఉత్తర్వుగా ఇచ్చాడు. సభ తిరస్కరించింది. సభనే రద్దు చేశారు. సెప్టెంబర్ ఎన్నికల్లో నాజీల బలం 12 సీట్ల నుంచి 107కు పెరిగింది. మన రాజ్యాంగ సభలో 1949 ఆగస్టులో అత్యవసర అధికారాలు చర్చకు వచ్చినప్పుడు హెచ్.వి. కామత్ ఈ వైమార్ అనుభవాన్నే ఎత్తి చూపి హెచ్చరించారు. 1975 ఎమర్జెన్సీని చూసినవాళ్లు ఈ సభలో ఉన్నారు. వాళ్లకు నేను వేరే వివరించనక్కర్లేదు.

ఇక వియన్నా. 1932 మేలో ఛాన్సలర్ అయిన ఎంగెల్బర్ట్ డోల్ఫుస్‌కు 165 మంది సభలో ఒకే ఒక్క ఓటు మెజారిటీ. కొద్ది వారాల ముందే వియన్నా నగర ఎన్నికల్లో నాజీలు 15 సీట్లు గెలిచారు. మళ్లీ ఎన్నికలంటే ఆయనకు భయం. 1933 మార్చి జీతాన్ని మూడు విడతల్లో ఇస్తామని రైల్వే ప్రకటించింది. మార్చి 1న కార్మికులు రెండు గంటలు పని ఆపారు. ప్రభుత్వం శిక్షలకు దిగింది. దాని మీద మార్చి 4న, శనివారం, అత్యవసర సమావేశం. సభాపతి రెన్నర్.

కార్మికులను శిక్షించరాదన్న ఒక తీర్మానం 81–80 ఓట్లతో నెగ్గింది. విరామం తర్వాత తెలిసిందేమంటే, సోషల్ డెమొక్రాట్ల ఓటు చీటీల్లో రెండింటి మీద ఒకే సభ్యుడి పేరుంది. ఒకాయన చీటీ బదులు పక్కాయన చీటీ పెట్టెలో పడింది. ఓటు చెల్లుతుందని రెన్నర్, చెల్లదని ప్రభుత్వ పక్షం. సభ అట్టుడికింది. సభాపతికి ఓటు లేదు, కుర్చీ దిగితే ఓటు వస్తుంది. పార్టీ నాయకుడు ఒట్టో బావర్, సహచరులు దిగమన్నారు. రెన్నర్ దిగాడు. కుర్చీ రెండో సభాపతి రామెక్‌కు, క్రిస్టియన్ సోషల్ పార్టీ మనిషికి, దక్కింది. మళ్లీ ఓటింగన్నాడు, గొడవ రేగింది, ఆయనా రాజీనామా చేశాడు. మూడో సభాపతి స్ట్రాఫ్నర్ కూడా అదే పని చేశాడు. సభ ముగిసిందని చెప్పేవారు లేరు. సభ్యులు లేచి ఇళ్లకు వెళ్లారు.

ఆ ముగ్గురిలో ఎవరికీ సభను చంపాలన్న ఉద్దేశం లేదు. ఆ రాత్రిని డోల్ఫుస్ ముందుగా పథకం వేసి తెచ్చుకోలేదు కూడా. చేతికందిన అవకాశాన్ని వదల్లేదు, అంతే. మూడు రోజుల్లో, పార్లమెంటు తనను తానే తొలగించుకుందని ప్రకటించాడు. అప్పుడు బయటికి తీశారు 1917 నాటి చట్టాన్ని. తిండి గింజల పంపిణీకి చేసిన చట్టంతో పత్రికలకు సెన్సారు పెట్టారు, సభలూ ఊరేగింపులూ నిషేధించారు. మార్చి 15న స్ట్రాఫ్నర్ సభను తిరిగి పిలిస్తే పోలీసులను పంపారు. ప్రభుత్వాన్ని తొలగించే అధికారమున్న దేశాధ్యక్షుడు మిక్లాస్ కదలలేదు. ఉత్తర్వులను కొట్టేయగల రాజ్యాంగ న్యాయస్థానం మిగిలింది. మే నెలలో పాలకపక్షం నియమించిన న్యాయమూర్తుల చేత రాజీనామాలు ఇప్పించి, మరో ఉత్తర్వుతో అది కూర్చోలేకుండా చేశారు. దాన్ని రూపొందించిన కెల్సెన్ అప్పటికే జర్మనీలో, కొలోన్‌లో ఉన్నాడు. యూదుడన్న కారణంతో అదే వసంతంలో నాజీలు ఆయన ఉద్యోగం తీసేశారు.

బెర్లిన్‌లో జరిగింది ఇంతకన్నా బరితెగింపు. ఫిబ్రవరి 27న జర్మన్ పార్లమెంటు రైష్‌స్టాగ్ భవనం తగలబడింది. మర్నాడే 48వ నిబంధన కింద పౌరహక్కులు పోయాయి. మార్చి 5 ఎన్నికల్లో అంత భయంలోనూ నాజీలకు 43.9 శాతమే వచ్చింది. చట్టాలు చేసే అధికారాన్ని హిట్లర్ మంత్రివర్గానికి అప్పగించే బిల్లుకు మూడింట రెండు వంతుల ఓట్లు కావాలి, అంతమంది సభ్యులు హాజరు కావాలి. ప్రతిపక్షం గైర్హాజరైతే బిల్లు ఆగుతుంది. అందుకని సభాపతి గోరింగ్ నియమాలు మార్పించాడు. అనుమతి లేకుండా రానివాళ్లను వచ్చినట్టే లెక్కిస్తారు. 81 మంది కమ్యూనిస్టు సభ్యులను సభకు రానివ్వనే లేదు. 120 మంది సోషల్ డెమొక్రాట్లలో 26 మంది జైల్లోనో, పరారీలోనో, ఇతర కారణాలతోనో రాలేకపోయారు. వాళ్లలో యూలియస్ లేబర్‌ను సభకు వస్తుండగా దారిలో పట్టుకున్నారు. 1945 జనవరిలో ఆయన్ని ఉరితీశారు.

మార్చి 23న క్రోల్ ఒపేరా హాలు. యూనిఫాంలో నాజీ దళాలు గోడల వెంట నిలబడి ఉన్నాయి. వ్యతిరేకంగా మాట్లాడింది ఒక్కడే, ఒట్టో వెల్స్. సోఫాలకు, గోడలకు గుడ్డలు తొడిగే పనివాడిగా జీవితం మొదలుపెట్టిన బెర్లిన్ మనిషి. గొప్ప వక్త కాదు. తమ ప్రాణాలనూ స్వేచ్ఛనూ తీసుకోగలరేమో గానీ గౌరవాన్ని తీసుకోలేరని హిట్లర్ ముఖం మీదే చెప్పాడు. హింసకు గురవుతున్న సహచరులకు అక్కడి నుంచే వందనం చేశాడు. ఓటింగులో 94 మంది కాదన్నారు. వచ్చిన సోషల్ డెమొక్రాట్లందరూ, ఒక్కరు కూడా తప్పకుండా. అవునన్నవాళ్లు 444.

ఆ 444లో క్యాథలిక్ సెంటర్ పార్టీ మొత్తం ఉంది. పార్టీ అధ్యక్షుడు కాస్ హిట్లర్ రాసిస్తానన్న హామీని నమ్మాడు. ఆ లేఖ రాలేదు. బ్రూనింగ్ లోపల వ్యతిరేకించి బయట పార్టీతోపాటే ఓటేశాడు. ఉదారవాద స్టేట్ పార్టీకి చెందిన ఐదుగురు సభ్యులూ అవునన్నారు. వాళ్లలో ఒకరు థియోడోర్ హోయ్స్. 1949లో పశ్చిమ జర్మనీకి తొలి అధ్యక్షుడయ్యాడు. వెల్స్ పౌరసత్వాన్ని ఆ ఆగస్టులోనే లాగేశారు. 1939 సెప్టెంబర్‌లో, యుద్ధం మొదలైన పక్షం రోజులకు, పారిస్‌లో ప్రవాసిగా చనిపోయాడు.

వియన్నాలో తర్వాతి కథ వేగంగా చెబుతాను. 1934 ఫిబ్రవరి 12న కార్మికులు తిరగబడ్డారు. కార్మిక కుటుంబాలు ఉండే కార్ల్ మార్క్స్ హోఫ్ మీద సైన్యం ఫిరంగులు పేల్చింది. గాయపడిన ఒక కార్మిక నాయకుణ్ని స్ట్రెచర్ మీద తెచ్చి ఉరితీశారు. బావర్ చెకోస్లొవేకియాకు తప్పించుకుని, రెన్నర్‌ను రాజీనామా చేయించడం తప్పని ఆ ఏడాదే అచ్చులో ఒప్పుకున్నాడు. అలా ఒప్పుకున్న నాయకులు తక్కువ. జూలైలో డోల్ఫుస్‌ను నాజీలు ఆయన కార్యాలయంలోనే చంపారు. వారసుడు షుష్నిగ్ 1938 మార్చి 11న, హిట్లర్ బెదిరింపుకు లొంగి దిగిపోయాడు. స్వతంత్రంగా ఉండాలా అని ప్రజలనే అడుగుదామని ఆఖరి గడియలో ఆయన అనుకున్నాడు. కానీ ఐదేళ్లుగా కార్మికుల పార్టీని నొక్కేసిన ప్రభుత్వానికి అప్పటికి తోడు నిలిచేవారు ఎంతమంది?

ఆ ఏప్రిల్‌లో రెన్నర్ ఒక పత్రికకు ఇచ్చిన ఇంటర్వ్యూలో, జర్మనీలో విలీనంపై జరిగే ప్రజాభిప్రాయ సేకరణలో అవునని ఓటేస్తానని చెప్పాడు. జర్మన్లంతా ఒక దేశం కావాలన్నది ఆయన పాత కోరిక. కానీ అప్పటికి అరెస్టులు మొదలయ్యాయి, వియన్నా వీధుల్లో యూదుల చేత పేవ్‌మెంట్లు కడిగిస్తున్నారు. ఎన్ని కారణాలు వెతికినా ఆ మాటను నేను క్షమించలేను. 1945 ఏప్రిల్‌లో, 74 ఏళ్ల వయసులో, గ్లోగ్నిట్స్‌లోని ఇంటి నుంచి సోవియట్ సైన్యం దగ్గరికి వెళ్లి గణతంత్రాన్ని మళ్లీ నిలబెట్టిందీ ఆయనే. ఏప్రిల్ 27న తాత్కాలిక ప్రభుత్వం, డిసెంబర్ 20న దేశాధ్యక్ష పదవి. ఆ ఇంటర్వ్యూ, ఈ పునర్నిర్మాణం రెండూ ఒకే మనిషి జీవితంలోవి. ఒకదాన్ని చూపి రెండోదాన్ని కొట్టేయడం చరిత్ర విద్యార్థి చేయదగిన పని కాదు.

1933లో ఆయన దిగిపోయిన ఆ సభాపతి కుర్చీకి మాత్రం ఇప్పుడు వేరే ఏర్పాటు ఉంది. ఆస్ట్రియా జాతీయ సభ నియమాల ప్రకారం ముగ్గురు సభాపతులూ పని చేయలేని స్థితిలో ఉన్నా, వారి పదవులు ఖాళీ అయినా, హాజరైనవారిలో వయసులో పెద్దవారైన సభ్యులు అధ్యక్షత వహించి సభ నడపాలి.